నీలగిరి ఆవిరి బండి మీద డాక్యుమెంటరీ: ఎక్కడ మొదలుపెట్టాలి?

ప్రశ్న: తమిళనాడులో ఊటీ దారిలో నడిచే మేట్టుపాళయం–కూనూరు ఆవిరి బండి మీద చిన్న డాక్యుమెంటరీ తీద్దామనుకుంటున్నానండి. పొగ, లోయ, వంతెనలు అందరూ తీసేశారు. నాకు ఆ యంత్రం పనితీరు, దాన్ని నడిపేవాళ్ల కష్టం కావాలి. దేంతో మొదలుపెట్టను?

జవాబు: శబ్దంతో. నేను సౌండ్ రికార్డిస్టుని. కల్లారు స్టేషన్ నుంచి పట్టాల మధ్య పళ్ల పట్టీ మొదలవుతుంది. ఇంజిన్ కింది పళ్లచక్రం దాన్ని పట్టుకుని 12 అడుగులకు అడుగు చొప్పున ఎక్కుతుంది. ఈ బండిని నడిపే ఎక్స్ క్లాస్ ఇంజిన్‌కి నాలుగు సిలిండర్లు. రెండు మామూలు చక్రాలను తిప్పుతాయి. వాటిలోంచి వచ్చిన ఆవిరే మిగతా రెండింట్లోకి వెళ్లి పళ్లచక్రాన్ని తిప్పుతుంది. అక్కడ చప్పుడే మారిపోతుంది! దానిమీద సంగీతం పరిచి చంపేయకండి, దయచేసి.

మరో జవాబు: ఎక్కేటప్పుడు ఇంజిన్ వెనక నుంచి నెడుతుంది, డ్రైవరుకి ముందు దారి కనబడదు. పెట్టెల మీద నిలబడ్డ బ్రేక్స్‌మన్లు జెండా ఊపితే, ఆ సైగ ఒకరి నుంచి ఒకరికి అందుతూ ఆయన దాకా వస్తుంది. మీ కథానాయకులు వాళ్లే. బ్రేకు తిప్పే చేతుల్ని దగ్గరగా తీయండి.

ఇంకొకరు: తిరుచ్చి గోల్డెన్ రాక్ రైల్వే వర్క్‌షాప్ వదలొద్దు. పాతవి స్విట్జర్లాండ్ ఇంజిన్లయితే, కొత్తవి అక్కడే తయారయ్యాయి. అక్టోబరు, నవంబరుల్లో మాత్రం పెట్టుకోకండి, కొండచరియలు విరిగి లైను మూసేస్తుంటారు.

ప్రశ్న అడిగినవారు: బ్రేక్స్‌మన్ల సంగతి అసలు తట్టలేదండి. ముందు దక్షిణ రైల్వే ప్రజాసంబంధాల అధికారికి అనుమతి కోసం రాస్తాను. సౌండ్ గారూ, ఇంజిన్ పక్కన మైకు ఎంత దూరంలో పెట్టాలి?