"చెప్పారు" అనాలా, "చెప్పారట" అనాలా?

ప్రశ్న: 1971 భారత్-పాకిస్తాన్ యుద్ధం మీద మా కాలనీ పత్రికకి చిన్న వ్యాసం రాశాను. "ఏప్రిల్‌లో యుద్ధానికి దిగితే నూటికి నూరుపాళ్ళూ ఓడిపోతామని సైన్యాధిపతి మానెక్‌షా ఇందిరా గాంధీకి చెప్పారు" అని రాస్తే, దిద్దిన పెద్దాయన "చెప్పారట" అని మార్చారు. మానెక్‌షా అబద్ధమాడారని అర్థం రాదూ?

జవాబు: "ట" పని అనుమానించడం కాదండీ. నేను చూడలేదు, విన్నాను అని ఒప్పుకోవడం, అంతే. "రేపు వానట" అంటే వాతావరణ శాఖను తిట్టినట్టా? కాకపోతే కాస్త సాగదీసి "ఆయనకి అన్నీ తెలుసట!" అంటే వెటకారం. కాగితం మీద ఆ సాగదీత వినపడదు, అదీ చిక్కు.

అయినా పెద్దాయన ఊరికే మార్చి ఉండరు. ఆ మాటలు మనదాకా వచ్చింది ఎక్కువగా మానెక్‌షా 1990ల్లో ఇచ్చిన ఉపన్యాసాల వల్ల. అప్పటికి దాదాపు పాతికేళ్ళు గడిచాయి. వానలొస్తే తూర్పు పాకిస్తాన్‌లో (ఇప్పటి బంగ్లాదేశ్) నదులు సముద్రాలవుతాయన్నాననీ, రాజీనామాకీ సిద్ధపడ్డాననీ చెప్పేవారు. అప్పట్లో సైన్యం తూర్పు కమాండ్ చీఫ్ ఆఫ్ స్టాఫ్‌గా ఉన్న జాకబ్ చెప్పింది వేరు. ఏప్రిల్ మొదట్లో వెంటనే కదలమన్నది మానెక్‌షాయేననీ, నవంబర్ 15 దాకా కుదరదన్నది తాననీ ఆయన కథ. చూశారా, ఎవరి కథలో వాళ్ళే వద్దన్నారు! ఇక శ్రీనాథ్ రాఘవన్ లాంటి చరిత్రకారులు అప్పటి కాగితాలు తిరగేసి, ఏప్రిల్‌లో దండెత్తాలన్న తొందర అసలు ఇందిరకే లేదంటారు. యుద్ధం వచ్చింది డిసెంబర్ 3న.

ఎవరూ అబద్ధమాడారనను. మూడేళ్ళప్పుడు నేను కాలవలో పడ్డానని మా ఇంట్లో చెప్పేవాళ్ళు. చిన్నప్పుడు "పడ్డానట" అనేదాన్ని. ఇప్పుడు "పడ్డాను" అంటున్నాను, పైగా నీళ్ళు ఎంత చల్లగా ఉన్నాయో కూడా వర్ణిస్తున్నాను. మధ్యలో ఆ "ట" ఎక్కడ జారిపోయిందో!

మీ వాక్యం ఇలా మార్చి చూడండి: "ఓడిపోతామని ఇందిరతో అన్నానని మానెక్‌షా తర్వాతి రోజుల్లో చెప్పేవారు."

ఇంకొకరు: మా వరంగల్ వైపు "చెప్పిండట" అంటే వెటకారమని ఎవరికీ తోచదు. మామూలు మాటే.

ప్రశ్న అడిగినవారు: మీ వాక్యమే పెట్టానండీ. పెద్దాయనకి చూపిస్తే, "నేను మార్చలేదే, ఒకసారి చూసుకోమన్నానంతే" అంటున్నారు. ఎర్ర ఇంకుతో కొట్టేసిన కాగితం నా దగ్గరే ఉంది.