స్టేటస్ కో ఉండగానే సొసైటీ గోడౌన్ తాళం మార్చారు: ఇది కోర్టు ధిక్కారం కిందికి వస్తుందా?

రాజోలు రైతు (ప్రశ్న):
అందరికీ నమస్కారమండి. రాజోలు ప్రాంతంలోని ఒక ప్రాథమిక వ్యవసాయ పరపతి సంఘంలో త్రిసభ్య కమిటీ సభ్యుణ్ణి. గడువు తీరకుండానే మమ్మల్ని తప్పించి, మా స్థానంలో మరో ముగ్గురిని నియమించారు. దాన్ని సవాలు చేస్తూ మేము హైకోర్టులో రిట్ పిటిషన్ వేయగా, ఈ నెల 14న మధ్యాహ్నం ఆనాటికి ఉన్న స్థితినే కొనసాగించాలని (స్టేటస్ కో) కోర్టు మధ్యంతర ఉత్తర్వు ఇచ్చింది. 15న ఉదయం ఆ కాపీని కొత్త ఛైర్మన్‌గారి చేతికిచ్చి సంతకం తీసుకున్నాం. ఆ సాయంత్రానికే ఆయన గోడౌన్‌కు కొత్త తాళం వేయించి, దాళ్వా (రబీ వరి) కోసం దింపిన యూరియా అమ్మించడం మొదలుపెట్టారు. అడిగితే తాము 13నే బాధ్యతలు తీసుకున్నామంటూ మినిట్స్ పుస్తకం చూపించారు. తీర్మానమంతా నల్ల సిరాతో ఉంది, తేదీలో 5ను 3గా దిద్దిన గీత మాత్రం నీలం సిరాతో ఉంది.

ఇది కాక, సహకార చట్టం సెక్షన్ 61 కింద మేము వేసిన తగాదాలో, విచారణ ముగిసేదాకా స్టాకు రిజిస్టరును ఎవరూ కదిలించరాదని డివిజనల్ సహకార అధికారి ఉత్తర్వు ఇచ్చారు. ఇప్పుడు ఆ రిజిస్టరు కూడా కనిపించడం లేదు. ఈ రెండింటికీ ధిక్కార పిటిషన్ వేయవచ్చా? వేస్తే కమిటీ తిరిగి మా చేతికి వస్తుందా?

రాజమండ్రి వకీలు:
ముందుగా మీ చివరి ప్రశ్నకు జవాబు చెబుతాను, ఎందుకంటే చాలామంది అక్కడే పొరబడి కాలమూ డబ్బూ పోగొట్టుకుంటున్నారు. సొసైటీని నడిపే హక్కు ఎవరిదన్నది ధిక్కార పిటిషన్‌లో తేలదు, అది రిట్‌లోనే తేలాలి. మిడ్నాపూర్ పీపుల్స్ కోఆపరేటివ్ బ్యాంకు కేసులో 2006లో సుప్రీంకోర్టు, ధిక్కార విచారణలో అసలు వివాదం మంచిచెడ్డలు తేల్చడం తగదని స్పష్టంగా చెప్పింది. ఈ విచారణలో చూసేవి మూడే: ఉత్తర్వు స్పష్టంగా ఉందా, అవతలివారికి అది తెలుసా, తెలిసీ కావాలనే మీరారా.

మీ విషయంలో సంతకం ఉంది కనుక తెలియదనే మాట చెల్లదు. చిక్కంతా ‘ఆనాటికి ఉన్న స్థితి’ అన్న మాటలో ఉంది. 14 నాటికి తాళంచెవులు మీ దగ్గర ఉన్నాయని చూపగలిగితే తాళం మార్చడం ఉల్లంఘనే, చూపలేకపోతే ఆ పుస్తకమే వారిని కాపాడుతుంది. దిద్దుబాటు రుజువైతే మాత్రం, ఉద్దేశం ఏమిటో వేరే చెప్పనక్కరలేదు.

డివిజనల్ అధికారి ఉత్తర్వు సంగతి కొంచెం లోతైనది. సీతామఢీ సెంట్రల్ కోఆపరేటివ్ బ్యాంకు కేసులో 1967లో సుప్రీంకోర్టు, బీహార్ చట్టం కింద తగాదా తేల్చే అసిస్టెంట్ రిజిస్ట్రార్ కూడా హైకోర్టుకు లోబడిన ‘కోర్టే’ అని తీర్పు చెప్పింది. మన ఆంధ్రప్రదేశ్ 1964 సహకార చట్టంలోనూ సెక్షన్ 121 సివిల్ కోర్టుల జోక్యాన్ని నిషేధించి, సెక్షన్ 61 కింద తగాదాలను రిజిస్ట్రార్‌కు అప్పగించింది కనుక అదే తర్కంతో వాదించవచ్చు. అయితే అదే డివిజనల్ అధికారి కమిటీలను నియమిస్తూనో, సొసైటీ వ్యవహారాల మీద సెక్షన్ 51 విచారణకు ఆదేశిస్తూనో ఇచ్చే ఉత్తర్వు పాలనాపరమైనది, దాన్ని మీరితే కోర్టు ధిక్కారం కాదు. కాబట్టి మీ ఉత్తర్వు ఏ సెక్షన్ కింద వచ్చిందో ముందు చదవండి.

భీమవరం సభ్యుడు:
అవతలివాళ్లు రిట్ అప్పీలు వేస్తే ఇదంతా ఆగిపోతుంది కదండీ?

రాజమండ్రి వకీలు:
ఆగదండి. అప్పీలులో స్టే వచ్చేదాకా ఉత్తర్వును పాటించాల్సిందే. మరో మాట: 1971 ధిక్కార చట్టం సెక్షన్ 20 ప్రకారం ఉల్లంఘన జరిగిన ఏడాదిలోపే పిటిషన్ వేయాలి. శిక్ష గరిష్ఠంగా ఆరు నెలల సాధారణ కారాగారం, లేదా 2000 రూపాయల జరిమానా, లేదా రెండూ. కోర్టుకు తృప్తి కలిగేలా క్షమాపణ చెబితే వదిలేయవచ్చు. నిజానికి చాలా కేసులు పరస్పరం తిట్టుకున్నంత తిట్టుకుని అక్కడికే చేరతాయి.

రిటైర్డ్ ఆడిటర్, అమలాపురం:
సిరా రంగు మీదే ఆధారపడకండి. తీర్మానాల పుస్తకాన్ని దిద్దవచ్చు గాని, మరికొన్ని కాగితాలు సొసైటీ చేతిలో ఉండవు. ఎరువుల అమ్మకాలు నమోదు చేసే ఈ-పాస్ యంత్రంలో రైతు ఆధార్‌తో అమ్మకం జరుగుతుంది కనుక ప్రతి బస్తాకూ తేదీ, సమయం నమోదవుతాయి. అలాగే చెక్కుల మీద సంతకాలు మార్చమని డీసీసీబీ (జిల్లా కేంద్ర సహకార బ్యాంకు) బ్రాంచికి వారు ఎప్పుడు లేఖ ఇచ్చారో కనుక్కోండి. 13నే బాధ్యతలు తీసుకున్న కమిటీ 14 రాత్రి నగదు చిట్టా (రోజువారీ నగదు లెక్కల పుస్తకం) మీద సంతకం చేయకపోతే, ఎందుకు ఊరుకుందో వారే చెప్పాలి. నా అనుభవంలో దొంగ తీర్మానాలు రాసేవారు నగదు చిట్టా సంగతి మరిచిపోతారు.

రాజోలు రైతు:
మీ మాట విని ఈరోజు బ్రాంచికి వెళ్లానండి. సంతకాల మార్పు కోరుతూ వారిచ్చిన లేఖ 16వ తేదీన అందినట్టు ముద్ర ఉంది. 14 సాయంత్రం యూరియా డబ్బు జమ చేసిన చలానా మీద మా ఛైర్మన్‌గారి సంతకమే ఉంది, దాని నకలు మా దగ్గరుంది. డివిజనల్ అధికారి ఉత్తర్వులో సెక్షన్ 61 అనే రాసి ఉంది. రెండు ఉత్తర్వులకూ సర్టిఫైడ్ కాపీల కోసం దరఖాస్తు పెట్టాను, సోమవారం మా వకీలుగారిని కలుస్తున్నాను.