విజయవాడలో వేసిన విడాకుల కేసును ఖమ్మం మార్చుకోవచ్చా?

మా ఆయన విజయవాడ ఫ్యామిలీ కోర్టులో విడాకులకు వేశారు. నేను పాపతో ఖమ్మంలో పుట్టింట్లో ఉంటున్నాను. వాయిదా రోజు తెల్లారకముందే పాలసీసా సర్దుకుని బస్సెక్కాలి. నాన్నకు మోకాళ్ల నొప్పులు, తోడు రాలేరు. తీరా వెళ్తే మధ్యాహ్నం మూడింటికి పిలిచి మళ్లీ వాయిదా! కేసు ఇక్కడికి మార్చమని తెలంగాణ హైకోర్టును అడగొచ్చా?

లాయర్ బాబాయ్: కుదరదమ్మా. ఒకే రాష్ట్రమైతే సీపీసీ (సివిల్ కేసులు నడిపే పద్ధతి చెప్పే చట్టం) సెక్షన్ 24 కింద హైకోర్టు మారుస్తుంది. మీకు దూరం తక్కువే గానీ రాష్ట్రాలు వేరు. సెక్షన్ 25 కింద సుప్రీంకోర్టులోనే ట్రాన్స్‌ఫర్ పిటిషన్ వేయాలి. చంటిపాప ఉందని, తోడు లేదని ఊరికే రాస్తే చాలదు. పాప బర్త్ సర్టిఫికెట్, నాన్నగారి డాక్టరు కాగితాలు జతచేయండి.

గుంటూరు అక్క: ఢిల్లీ అనగానే టెన్షన్ పడకు చెల్లీ. ఆడవాళ్లకు ఆదాయంతో పనిలేకుండా ఉచిత న్యాయసహాయం ఉంది, 1987 నాటి న్యాయసేవల చట్టం ప్రకారం. ఖమ్మంలో జిల్లా న్యాయసేవాధికార సంస్థను అడుగు.

ఖమ్మం అమ్మాయి: థాంక్స్ అక్కా. అంతవరకు వాయిదాలు మానేయొచ్చా?

లాయర్ బాబాయ్: అస్సలు వద్దు! పిటిషన్ వేసినంత మాత్రాన అక్కడి కేసు ఆగదు, స్టే అడగాలి. అది వచ్చేదాకా కనీసం మీ లాయరైనా హాజరు కావాలి. లేదంటే ఎక్స్‌పార్టీ చేసేస్తారు, అంటే మీరు లేకుండానే కేసు నడిపేస్తారు. హిందూ వివాహమైతే కోర్టు ఖర్చులు ఆయన్నే ఇమ్మని హిందూ వివాహ చట్టం సెక్షన్ 24 కింద అడగండి. ఇది వేరే 24, కలిపేసుకోకండి.