జామాయిల్ తోటలను నిషేధించాలా?

మెట్టరైతు:
మొన్న మా గ్రామసభలో పెద్ద గొడవ జరిగింది. ఊరి పొలిమేరలో ఉన్న జామాయిల్ తోటలన్నీ తీసేయాలని, ఇకపై ఎవరూ వేయకూడదని తీర్మానం చేయమని కొందరు పట్టుబట్టారు. తీర్మానం వచ్చే సభకు వాయిదా పడింది. ఈలోగా పదిమంది మాట విందామని ఇక్కడ అడుగుతున్నాను.

నాది ఎర్ర నేల, పూర్తిగా వానాధారం. కంది వేస్తే పూతకు వాన ఉండదు, వేరుశనగ వేస్తే అడవి పందులు ఉంచవు, కూరగాయలు వేస్తే కోతులు. జామాయిల్‌ను మేక కూడా ముట్టదు. నాటిన నాలుగేళ్లకు కోత వస్తుంది, మోడు నుంచి మళ్లీ చిగురు వస్తుంది, ఆ చిగురే రెండో పంట, మూడో పంట. దీన్ని తీసేయమంటున్నవారు దాని బదులు ఏం వేయాలో చెప్పడం లేదు. ఆ చెట్టు చేసిన పాపం ఏమిటో, రుజువుతో చెప్పండి.

వాగుగట్టు:
మెట్టరైతు గారూ, మీ కష్టం నాకు తెలుసు. అయినా నేను నిషేధం వైపే. ఈ పోరాటం మనతో మొదలైనది కాదు. 1983లోనే కర్ణాటకలోని తుమకూరు ప్రాంతంలో రైతులు నర్సరీలోకి వెళ్లి జామాయిల్ మొక్కలు పీకేసి, ఆ చోట చింత, మామిడి గింజలు పెట్టారు. చివరకు 2017లో ఆ రాష్ట్ర ప్రభుత్వమే కొత్తగా జామాయిల్ నాటడాన్ని నిషేధించింది. దక్షిణాఫ్రికాలో 1995 నుంచి ప్రభుత్వం ప్రజాధనం ఖర్చుపెట్టి, పేదలకు కూలి ఇచ్చి, నదుల వెంట పెరిగిన విదేశీ చెట్లను కొట్టిస్తోంది. నదుల్లో నీరు పెంచుకోవడమే ఆ పథకం ఉద్దేశం. అందులో మన జామాయిల్ జాతి చెట్లూ ఉన్నాయి.

పొలం మీదే, కాదనను. కింద ఉన్న నీరు మాత్రం మీ ఒక్కరిదీ కాదు. మీ చెట్టు వేరుకు మీ గట్టు ఎక్కడుందో తెలియదు. పక్క పొలంలో బావి అడుగంటితే ఆ రైతు ఎవరిని అడగాలి?

అడిస్ మాస్టారు:
నేను ఇథియోపియాలోని ఒక విశ్వవిద్యాలయంలో పాఠాలు చెబుతున్నాను. ఈ దేశంలో మన తెలుగు అధ్యాపకులు చాలామందే ఉన్నారు. ఇక్కడి కథ వినకుండా జామాయిల్‌కు శిక్ష వేయకండి.

పూర్వం ఇక్కడి రాజుల్లో చాలామందికి స్థిరమైన రాజధాని ఉండేది కాదు. చుట్టూ ఉన్న అడవిని వంటచెరకుకు కొట్టుకుంటూ పోయి, అది అయిపోగానే మకాం మార్చేవారు. అడిస్ అబాబాకూ అదే గతి పట్టబోయింది. 1900 ప్రాంతంలో మెనెలిక్ చక్రవర్తి రాజధానిని పడమరగా ఉన్న మరో చోటికి మార్చే ఆలోచన చేశాడు. అంతకు కొన్నేళ్ల ముందు తెప్పించి నాటించిన జామాయిల్ త్వరత్వరగా ఎదిగి కట్టెల కరువు తీర్చింది. రాజధాని కదలలేదు. ఇక్కడ ఎన్నో భవనాలకు సారువ (పరంజా) కట్టింది జామాయిల్ వాసాలతోనే. పేదవారి ఇంటి దూలం అదే, రొట్టె కాల్చే మంట అదే.

ఇంకొక మాటా చెప్పాలి. నగరం పైన ఉన్న ఎంతొతొ కొండల నుంచి ఆడవాళ్లు నడుములు వంగిపోయేలా ఆ కట్టెల మోపులు మోసుకుంటూ దిగుతారు. ఆ దృశ్యం చూసిన ప్రతిసారీ నాకు బాధ కలుగుతుంది. కానీ ఆ తోటలు లేకపోతే వారికి ఆ కాస్త బతుకుతెరువూ ఉండదు, కొండల మీద మిగిలిన స్థానిక చెట్లూ ఉండవు.

నాట్లకూలి:
ఇక్కడ రైతు గురించి మాట్లాడారు, నీటి గురించి మాట్లాడారు. మా గురించి ఎవరూ మాట్లాడలేదు. కంది, వేరుశనగ ఉన్న పొలంలో కలుపుకు, కోతకు, నూర్పిడికి ఆడవాళ్లకు పని ఉంటుంది. జామాయిల్ వేసిన పొలంలో మొదటి సంవత్సరం గడిచాక మా అమ్మలాంటి వారికి పని లేదు. కోత సమయానికి బయటి నుంచి మగవాళ్ల ముఠా వచ్చి, కొట్టి, బెరడు తీసి, లారీకి ఎత్తి వెళ్లిపోతుంది. పట్నంలో ఉంటున్న ఆసాములకు ఇది బాగుంది. కౌలుకు ఇవ్వాల్సిన పని లేదు, కాపలా అక్కర లేదు. ఆ భూమిని కౌలుకు చేసుకుని బతికినవారు ఇప్పుడు ఊళ్లో లేరు.

అడవిబాట:
మెట్టరైతు గారు రుజువు అడిగారు కాబట్టి నీటి సంగతితో మొదలుపెడతాను. బ్రిటన్‌కు చెందిన జలశాస్త్రవేత్త ఇయాన్ కాల్డర్ బృందం కర్ణాటకలో ఏళ్ల తరబడి జామాయిల్ తోటల్లో కొలతలు తీసింది. సుమారు మూడు మీటర్ల లోతు మట్టి ఉన్న చోట జామాయిల్ తాగిన నీరు, అక్కడి సహజమైన ఆకురాల్చే అడవి తాగే నీటికి ఇంచుమించు సమానమే. అయితే అదే ప్రాంతంలో రాగి పంట తాగే నీటికి అది దాదాపు రెట్టింపు. ఇక బెంగళూరు దగ్గర హోస్కోటేలో మట్టి ఎనిమిది మీటర్ల లోతు ఉంది. అక్కడ చెట్లు కురిసిన వాన కంటే ఎక్కువ నీరు తాగాయి. ఏటేటా వేరు మరింత కిందికి దిగి, పాత తేమను కూడా తోడుకుంది. అంటే ఇద్దరి మాటలోనూ నిజం ఉంది. తేడా నేల లోతులో ఉంది, చెట్టు ఉన్న చోటులో ఉంది.

కనుక పలచటి మట్టి ఉన్న గుట్టవాలు మీద, నీటి వనరులకు దూరంగా ఒక రైతు తన సొంత భూమిలో జామాయిల్ వేస్తే నాకు అభ్యంతరం లేదు. ఇంకా చెప్పాలంటే అది అడవికి మేలు కూడా చేసింది. ఒకప్పుడు మన కాగితం మిల్లులు ఎక్కువగా అడవి వెదురు మీద బతికాయి. మేదరుల బుట్టకు దొరకని వెదురు మిల్లులకు చవకగా వెళ్లింది. 1988 జాతీయ అటవీ విధానం పరిశ్రమలు తమ ముడిసరుకును రైతుల దగ్గర పండించుకోవాలని చెప్పింది. ఇప్పుడు రాజమహేంద్రవరం, సారపాక మిల్లులకు వెళ్లే లారీల్లో రైతుల పొలాల్లో పెరిగిన జామాయిల్, సుబాబుల్, సరుగుడు ఉంటున్నాయి. ఇది చిన్న మార్పు కాదు.

నా కోపం వేరే చోట ఉంది. ఉమ్మడి రాష్ట్రంలో 1975లో అటవీ అభివృద్ధి సంస్థ ఏర్పడింది. అడవి పలచబడిందని చెప్పిన చోట్ల, ఉన్న కాస్త సహజమైన చెట్టూ చేమా తీసి జామాయిల్ వరుసలు వేశారు. పలచబడిన అడవి అంటే ఏమీ లేని నేల కాదండీ. అందులో తునికి ఉంటుంది, ఇప్ప ఉంటుంది, సారపప్పు చెట్టు, మద్ది, నల్లమద్ది, ఉసిరి, కరక్కాయ ఉంటాయి. వేసవిలో కోయ ఇంటికి ఇప్పపువ్వు, తునికాకు కూలి ఆ పలచటి అడవి నుంచే వస్తాయి. కొట్టేసిన తునికి కూడా రెండు మూడు వానలకు మళ్లీ చిగురిస్తుంది, దాన్ని కాపాడితే చాలు. వేరు తవ్వి తీసేసి జామాయిల్ పెడితే ఆ ఇంటికి తినడానికి పండు లేదు, అమ్మడానికి ఆకు లేదు, పశువుకు మేత లేదు.

పైగా ఆ తోట అడవి లెక్కలోనే ఉంటుంది. మన దేశ అటవీ సర్వే ఒక హెక్టారుకు మించిన విస్తీర్ణంలో 10 శాతం పైన కొమ్మల నీడ ఉంటే అటవీ విస్తీర్ణంగా లెక్కిస్తుంది. ఏ జాతి చెట్టు అన్నది చూడదు, భూమి ఎవరిదన్నదీ చూడదు. జామాయిల్ తోటైనా, మామిడి తోటైనా అందులో చేరుతుంది. ఒకచోట వందల ఏళ్ల అడవి పోయి, మరొకచోట నాలుగేళ్ల కర్ర లేస్తే మొత్తం తగ్గలేదనే కనిపిస్తుంది. ఇది నన్ను నిజంగా భయపెడుతుంది.

నాట్లకూలి చెప్పినదానికి పోర్చుగల్ అనుభవం కలిపి చూడండి. అక్కడ పల్లె జనం పట్నాలకు, పరదేశాలకు వెళ్లిపోయారు. పొలాలు చూసుకునేవారు లేక గుట్టలకు గుట్టలు జామాయిల్, పైన్ కమ్ముకున్నాయి. 2017 జూన్‌లో పెద్రోగావ్ గ్రాందె ప్రాంతంలో మంటలు లేచినప్పుడు 60 మందికి పైగా చనిపోయారు, చాలామంది కార్లలో పారిపోతూ రోడ్డు మీదే. వడగాలి, ఎండ కారణాలే. కానీ నూనె నిండిన ఆకు, ఊడి వేలాడే బెరడు, మధ్యలో ఖాళీ లేకుండా సాగిన తోటలు, చూసే మనిషి లేని నేల, ఇవన్నీ కలిశాయి. ఆ తర్వాత అక్కడ కొత్త జామాయిల్ తోటలకు చట్టం అడ్డుకట్ట వేసింది.

నా మాట ఇది: ప్రైవేటు మెట్టలో జామాయిల్‌ను పంటగా ఉంచండి. అటవీ భూమిలో కొత్తగా ఒక్క మొక్క కూడా వద్దు. ఉన్న తోటలు చివరి కోతకు వచ్చాక ఆ చోట స్థానిక చెట్లను తిరిగి రానివ్వాలి.

వాగుగట్టు:
అడవిబాట గారూ, అటవీ భూమి విషయంలో మీ వెంటే ఉంటాను. పొలాల విషయంలో మాత్రం ఒప్పుకోను. మట్టి ఎంత లోతు ఉందో ఏ రైతు కొలిచి నాటుతాడు? ఎవరు తనిఖీ చేస్తారు? మా మండలంలో చెరువు శిఖం (నీరు నిలిచే భూమి) పక్కన కూడా ఈ తోటలే ఉన్నాయి. అమలు చేయలేని షరతు కన్నా నిషేధమే మేలు.

అడిస్ మాస్టారు:
నిషేధం అమలు చేయడం సులువని ఎందుకు అనుకుంటున్నారు? ఇక్కడ కూడా కొన్ని ప్రాంతాల్లో సాగుభూమిలో జామాయిల్ వద్దన్నారు. డబ్బు దానిలో కనిపిస్తే రైతు అదే వేశాడు. ధర మాట తేలకుండా చట్టం ఒక్కటే పని చేయదు.

మెట్టరైతు:
అందరి మాటలూ చదివాను. నా తోట వాగుకు దూరంగా గుట్టవాలులో ఉంది, దాన్ని తీయను. వచ్చే సభలో మాత్రం రెండు సంగతులు నేనే లేవనెత్తుతాను. వాగుకు, చెరువుకు, తాగునీటి బావికి ఎంత దూరంలో జామాయిల్ ఉండకూడదో ఊరే తేల్చాలి, దానికి తనిఖీ కూడా ఊరిదే. వానకాలం ముందు, తర్వాత ఊరి బావుల నీటిమట్టం రాసిపెట్టాలి. పెద్ద పరికరం ఏమీ అక్కర లేదు, తాడు, రాయి చాలు.

నాట్లకూలి గారి మాటకు నా దగ్గర జవాబు లేదు. కంది, వేరుశనగకు మిల్లు కర్రకు ఉన్నట్టు ఇంటి ముందుకు వచ్చి కొనేవారు ఉండి, పందుల నుంచి కంచె ఉంటే, మెట్టలో సగమైనా మళ్లీ తిండిపంటకు వస్తుంది. కంచె ఖర్చు ఒక్క రైతు భరించలేడు. పదిమంది పొలాలు కలిపి ఒకే కంచె వేసుకున్న ఊళ్లు ఉంటే, ఖర్చు ఎలా పంచుకున్నారో, కరెంటు తీగ లేకుండా ఎలా కట్టారో ఇక్కడ రాయండి. సభకు ముందు నాకు కావలసింది అదే.