ప్రత్యేకాధికారి ఇచ్చిన ఇంటి అనుమతిని కొత్త పంచాయతీ ఆపవచ్చా?

పరకాల వైపు పల్లె:
అందరికీ నమస్కారం. తాతల నాటి పెంకుటిల్లు గోడలు వాలిపోతే తీసేసి, అదే జాగాలో ఇల్లు మొదలుపెట్టాను. 2024 ఫిబ్రవరిలో సర్పంచుల పదవీకాలం ముగిశాక ప్రత్యేకాధికారులు ఉన్న కాలంలోనే రుసుము కట్టి, ప్లాను మీద ముద్ర వేయించుకున్నాను. స్తంభాలు లేచాయి, స్లాబే తరువాయి. ఇంతలో 2025 డిసెంబరు ఎన్నికలయ్యాయి. పడమటి వైపు పాలివాడు, స్వయానా మా పెద్దనాన్న కొడుకే, మధ్యలోని సందు తనదని కొత్త పాలకవర్గానికి ఫిర్యాదు ఇచ్చాడు. వారం తిరక్కుండా నోటీసు. అందులో ఉన్నది ఇంతే: ‘ఫిర్యాదు అందినందున పనులు నిలిపివేయవలెను.’ ఏ నిబంధన తప్పానో లేదు, జవాబు ఎప్పటిలోగా ఇవ్వాలో లేదు. పైగా అప్పట్లో పంచాయతీయే లేదు, ఆ అనుమతి ఎలా చెల్లుతుందని సర్పంచి గారు పదిమందిలో అన్నారు.

నా దగ్గర అనుమతి పత్రం, ఇంటి పన్ను రసీదులు, తాతగారు రాయించిన పంపకాల కాగితం ఉన్నాయి. అది రిజిస్టరు కాలేదు. జాగా గ్రామకంఠం (ఊళ్ళో ఇళ్ళు ఉండే నేల), అయినా పొలాలకిచ్చే పాసుపుస్తకం ఏదని అడిగిన మహానుభావులూ ఉన్నారు. చువ్వలకు తుప్పు పడుతోంది. మేస్త్రీ ఇంకో పని ఒప్పుకుంటానంటున్నాడు. హైకోర్టుకు వెళ్ళాలా?

విశ్రాంత కార్యదర్శి:
బాబూ, సర్పంచి మారితే పంచాయతీ మారదు. ప్రత్యేకాధికారి కూర్చున్నదీ ఆ కుర్చీలోనే, ఆయన ఇచ్చింది పంచాయతీ ఇచ్చినట్టే. రద్దు చేయాలంటే కారణం చూపి, మీ జవాబు విని, ఉత్తర్వు రాతలో ఇవ్వాలి.

అయితే ముందు టేపు పట్టండి. ప్లానులో చూపిన ఖాళీ నేల మీద ఉందా? మెట్లు, సజ్జా సందులోకి వచ్చాయా? వచ్చి ఉంటే నేను చెప్పినవేవీ మిమ్మల్ని కాపాడవు. ఈ ఉద్యోగంలో నేను చూసిన తగాదాల్లో సగం మెట్ల దగ్గరే పుట్టాయి.

ఫిర్యాదు నకలు, మీ అనుమతి ఫైలు నకలు సమాచార హక్కు చట్టం కింద అడగండి. గ్రామస్థాయిలో దరఖాస్తు రుసుము లేదు, 30 రోజుల్లో ఇవ్వాలి. నోటీసుకు జవాబు మాత్రం అందాకా ఆపకండి. రెండు ప్రతులు తీసుకెళ్ళి ఒకదాని మీద తేదీతో ముద్ర వేయించుకోండి. వాళ్ళు తీసుకోము అంటే స్పీడ్ పోస్టులో రిజిస్ట్రేషన్‌తో పంపి, ఒక ప్రతి జిల్లా పంచాయతీ అధికారికి ఇవ్వండి.

హనుమకొండ న్యాయవాది:
పెద్దవారు చెప్పింది సరైనదే. సందు ఎవరిదో తేల్చే అధికారం పంచాయతీకి లేదు, అది సివిల్ కోర్టు పని. అనుమతి ఇచ్చేటప్పుడు పైకి కనిపించే హక్కు, స్వాధీనం చూస్తే చాలని హైదరాబాద్ పాటరీస్ కేసులో 2001లోనే అప్పటి ఆంధ్రప్రదేశ్ హైకోర్టు చెప్పింది. దాని రెండో వైపూ గుర్తుంచుకోండి: పంచాయతీ ముద్ర పడినంత మాత్రాన జాగా మీదైపోదు.

జవాబిచ్చినా పట్టించుకోకపోతే అప్పుడు హైకోర్టులో రిట్ (అధికారుల చర్యను సవాలు చేసే పిటిషన్) వేయవచ్చు. సాధారణంగా ఇరువురినీ విని నిర్ణయించమనే కోర్టు చెబుతుంది, సందు హద్దులు అక్కడ తేలవు. ఈలోగా మీ పాలివాడు ఇంజంక్షన్‌కు (పని ఆపమనే కోర్టు ఉత్తర్వుకు) వెళతాడన్న అనుమానం ఉంటే సివిల్ కోర్టులో కేవియట్ (నన్నూ వినండని ముందే ఇచ్చే అర్జీ) వేయండి, 90 రోజులు పనిచేస్తుంది. మీ వాదన వినకుండా ఉత్తర్వు రాదు. రిజిస్టరు కాని పంపకాల కాగితంతో హక్కు రుజువు కాదు. స్వాధీనం ఎవరిదో చూపడానికి మాత్రం అక్కరకొస్తుంది, పారేయకండి.

నర్సంపేట నుంచి:
నేను అవతలి పక్షంవాణ్ణి. మా ఇంటికి బండి వచ్చే దారిలో ఇలాగే ‘అనుమతి ఉంది’ అంటూ గోడ లేపారు. జాగా మీదే అయినా, మీ పాలివాడు 20 ఏళ్ళుగా అడ్డు లేకుండా, మీ అనుమతి అడగకుండా, తన హక్కుగా అటు నడుస్తుంటే 1882 నాటి ఈజ్‌మెంట్ చట్టం ఆయనకు దారి హక్కు ఇస్తుంది. ఆ సంగతి ఎవరూ అడగలేదు. ఆయన పశువులు ఎటు నుంచి పోతాయి?

పరకాల వైపు పల్లె:
వాళ్ళ కొట్టానికి వెనక వీధి నుంచి వేరే దారి ఉంది. సందులో పడేది చూరు నీళ్ళే. ప్లాను ప్రకారం వదిలిన మూడడుగులూ ఉన్నాయి, మెట్లు లోపలి నుంచే. సోమవారం జవాబు ఇస్తాను. అంతవరకు స్లాబు వేయవచ్చా?

హనుమకొండ న్యాయవాది:
వద్దు. నోటీసు తప్పే అయినా, అది ఉండగా స్లాబు వేస్తే రేపు కోర్టులో ముందు దాని గురించే అడుగుతారు. చువ్వలకు సిమెంటు పాలు పూయించండి. పనులు ఎక్కడ ఆగాయో తెలిసేలా ఫొటోలు తీసి పెట్టుకోండి.