ఫరో అన్న మాట: ఖుఫూ రాజుని అలా పిలవొచ్చా?

ప్రశ్న: అందరికీ నమస్కారం. ఈజిప్టు రాజుల సమాధుల మీద పిల్లల పుస్తకం ఒకటి తెనిగిస్తున్నాను. అందులో పిరమిడ్ దగ్గర రాళ్ళు లాగే కూలీ ఒకడు "ఫరో ఖుఫూకి జయం!" అని అరుస్తాడు. ఫరో అనాలా, ఫారో అనాలా? పత్రికల్లో రెండూ కనిపిస్తున్నాయి. ఇంకో సంగతి, సమాధి బాగుంటుందా, గోరీ బాగుంటుందా?

జవాబు: ఫరో అనే రాయండి. తెలుగు బైబిలు పుణ్యమా అని ఆ రూపం ఎప్పుడో స్థిరపడింది. ఫారో ఇంగ్లీషు స్పెల్లింగు చూసి పుట్టింది. అయితే అసలు చిక్కు దీర్ఘంలో లేదండీ, ఆ కూలీ నోట్లో ఉంది. ఖుఫూ బతికున్న రోజుల్లో రాజుని ఎవరూ ఫరో అనలేదు.

ఈజిప్టు భాషలో ఆ మాట "పెర్-ఆ". పెర్ అంటే ఇల్లు, ఆ అంటే పెద్ద. చిత్రలిపిలో పెర్ గుర్తు చూడండి: అడ్డంగా ఒక దీర్ఘచతురస్రం, కింది గీత మధ్యలో కాస్త ఖాళీ. ఆ ఖాళీయే గుమ్మం. దానితోపాటు ఒక స్తంభం బొమ్మ వేస్తే పెర్-ఆ అయింది. ఖుఫూ నాటికి, అంటే సుమారు క్రీ.పూ. 2600 ప్రాంతంలో, దానికి రాజనగరు అనే అర్థం. వెయ్యేళ్ళు దాటాక, 18వ రాజవంశం కాలంలో, ఆ మాట నగరులో ఉండే రాజుకే అంటుకుంది. పేరుకి ముందు బిరుదులా తగిలించడం మరీ ఆలస్యం, క్రీ.పూ. 10వ శతాబ్దంలో.

బైబిల్లో కూడా ఈ తేడా దొరుకుతుంది. ఆదికాండంలో, నిర్గమకాండంలో వట్టి ఫరోయే తప్ప రాజు పేరు రాదు. రాజుల గ్రంథం చివరికి వచ్చేసరికి "ఫరో నెకో" అని పేరుతో సహా కనిపిస్తాడు. ఆయన క్రీ.పూ. 610లో గద్దెనెక్కినవాడు.

ఇంకొకరు: "పెద్దిల్లు" అని మాత్రం అనువదించకండి బాబూ. చదివినవాళ్ళు చిన్నిల్లు ఎక్కడని అడుగుతారు!

ఇంకొకరు: మా దిక్కు ఈ ముచ్చట కొత్తదేం గాదు. గడీ అంటె దొర ఉండె పెద్ద ఇల్లు. "గడీకి ఎదురు చెప్తవారా?" అంటే దొరకు ఎదురు చెప్తవా అని. గోడలకు ఎవలు ఎదురు చెప్తరు? దొర పేరు తియ్యాలంటె భయం, అందుకె ఆ ఇల్లు పేరు చెప్పి ఊకునేటోళ్ళు. ఆడ గూడ గట్లనె మొదలైందేమొ.

ఇంకొకరు: భయమో మర్యాదో గానీ, ఉర్దూలో దారి వేరు. ఖురాన్‌లో మూసా ప్రవక్తకి ఎదురు నిలిచిన రాజు ఫిరౌన్. అందుకే ఉర్దూలో పొగరు తలకెక్కినవాణ్ణి ఫిరౌన్ అంటారు. మాట ఒకటే, మన ఫరోకి మాత్రం ఆ తిట్టు అర్థం అబ్బలేదు.

మొదట జవాబు రాసినవారు: గడీ పోలిక చాలా బాగుంది. మనకి "దివాణం" కూడా అంతే కదా.

ఇక గోరీ సంగతి. అది ఫార్సీ "గోర్" నుంచి వచ్చింది, తెలుగు చెవికి వెంటనే గుమ్మటం కళ్ళ ముందుకొస్తుంది. సమాధి అనండి, పేచీ ఉండదు. ఈజిప్టు వాళ్ళు మాత్రం సమాధిని "శాశ్వతమైన ఇల్లు" అన్నారు, అదీ పెర్‌తోనే. పిరమిడ్ల కాలానికి ముందునుంచీ ఉన్న చదును కప్పు సమాధులకి ఇప్పుడు వాడే "మస్తబా" అరబ్బీ మాట. దానికి అచ్చంగా అరుగు అని అర్థం. సక్కారాలో జోసెర్ రాజు కట్టించిన మెట్ల పిరమిడ్ ఆరు అంతస్తులది, ఒక అరుగు మీద ఇంకో చిన్న అరుగు పెట్టుకుంటూ పోయినట్టు ఉంటుంది. మీ పుస్తకంలో "అరుగు సమాధి" అని ధైర్యంగా రాయొచ్చు. పిల్లలకి బొమ్మ కూడా అక్కర్లేదు.

ఫరో అని కూలీల నోట వినాలంటే మూడో రామెసెస్ దగ్గరికి వెళ్ళాలి. ఆయన పాలన 29వ ఏట, రాజుల లోయలో సమాధులు తొలిచే పనివాళ్ళు జీతం గింజలు అందక పని ఆపేసి బైటికొచ్చి కూర్చున్నారు. ఆ గొడవ రాసిన పపైరస్ (రెల్లుతో చేసిన కాగితం) ఇప్పుడు ఇటలీలోని ట్యూరిన్ మ్యూజియంలో ఉంది. ఆకలి దప్పులు తాళలేక వచ్చాం, బట్టల్లేవు, నూనె లేదు, చేపల్లేవు, కూరల్లేవు, మా మంచి ప్రభువు ఫరోకి కబురు పెట్టండి అన్నారు. అక్కడ ఫరో అంటే ఖచ్చితంగా మనిషే.

ప్రశ్న అడిగినవారు: అయ్యో, నా కూలీ ఖుఫూ కాలం వాడండీ. రామెసెస్ దగ్గరికి పంపితే మూల రచయిత ఊరుకోరు. "ఏలినవారికి జయం" అని పెట్టనా?

మొదట జవాబు రాసినవారు: నిక్షేపంలా ఉంటుంది. లేదా పేరే పెట్టండి. ఖుఫూ పిరమిడ్‌లో రాజు గది పైనున్న ఇరుకు అరల్లో పనివాళ్ళు ఎర్ర రంగుతో తమ ముఠా పేర్లు రాసుకున్నారు. వాటిలో ఒకటి "ఖుఫూ నేస్తాలు". వాళ్ళే అంత చనువుగా పేరు రాసుకుంటే మీకేం అడ్డు? రచయిత గొంతుతో చెప్పే చోట ఫరో ఉంచేయండి, ఇవాళ్టి పాఠకుడికి అదే తెలుసు. బహువచనం ఫరోలు చాలు.