అప్‌డేట్: కొత్తవాళ్లకు ట్రెక్కింగ్ గేర్ గురించి నేర్పించడం

ట్రెక్కింగ్‌కి కొత్తగా వచ్చేవాళ్లతో ముందు ఏం కొనిపించాలి, వాటిని ఎలా చూసుకోమనాలి అని అడిగాను కదా. మీరు చెప్పినట్టే షూస్ మాత్రం కొనిపించాం, మిగతావన్నీ అద్దెకే. ట్రెక్కింగ్ సాక్స్ వేసుకుని మరీ షూ సైజు చూసుకున్నారు.

అసలు చర్చంతా స్లీపింగ్ బ్యాగ్ దగ్గరే. లేబుల్ మీద 'కంఫర్ట్' (హాయిగా నిద్రపట్టే చలి), 'లిమిట్' (ముడుచుకుని ఎలాగోలా తట్టుకోగలిగే చలి) అని రెండు ఉష్ణోగ్రతలుంటే అందరి చూపూ లిమిట్ మీదికే పోతుంది. కొత్తవాళ్లు చూడాల్సింది కంఫర్ట్. పైగా ఒంటి బరువుకు బ్యాగ్ అడుగున ఫిల్లింగ్ అణిగిపోతుంది కాబట్టి, కింద మ్యాట్ పల్చగా ఉంటే ఎంత ఖరీదైన బ్యాగైనా చలి ఆపదు. ఇది నమ్మించడానికి నా తల ప్రాణం తోకకొచ్చింది!

తడి టెంట్ మడిచి పెడితే బూజు పడుతుందంటే వింటారు, ఆరబెట్టరు. అందుకే తిరిగొచ్చాక అందరం కలిసే ఆరబెడుతున్నాం. వాటర్ ఫిల్టర్ల గురించి విడిగా అడుగుతాను.